పదకొండు మహజర్లు

ఇది రాసే నాటికి మూడేండ్లు దాటినాయి. నేను ఇంకా జైలు బయటే ఉన్నాను. ఎన్నాళ్లుంటానో ఎవరూ చెప్పరు. చెప్పగలిగిన లా పంతులు ఆచార్యులవారు కూడా "నీ ఫైలు మద్రాసులో ఉంది, తిరుమలయ్యా" అని ఊరుకుంటాడు. ఖాకీ చొక్కా కనబడితే ఇప్పటికీ తప్పుకొని పోతాను. పోస్టుమాను వేసుకునేదీ ఖాకీనే. ఆయన్ను చూసి ఎన్నిసార్లు దొడ్డిదోవన పోయినానో నాకే లెక్క లేదు.

అది నలభై ఆరో సంవత్సరం ఎండాకాలం. తిరుపతిలో బాలసుబ్రమణ్య మొదలారి అచ్చాఫీసులో నేను కంపోజిటరును. కేసు అనే గడుల పెట్టెలోనుంచి సీసపు అచ్చులు ఒక్కొక్కటే ఏరి మాటలుగా పేర్చడం నా పని. చదివింది ఐదో తరగతి. అక్షరాలను తలకిందులుగా చదవడం మాత్రం ఎం.ఏ. పాసైన వాడికన్నా నాకే బాగా వచ్చు.

ఉగాది పోయిన నాలుగో దినం శఠగోపాచార్యులవారు గుడ్డసంచితో మెట్లెక్కి వచ్చినాడు. మద్రాసులో లా కాలేజీలో ఇరవై ఏండ్లు పాఠం చెప్పి రిటైరైన మనిషి. నేరాలు, కోర్టులు, శిక్షలు, ఇవే ఆయన చదువు. జైళ్ల మీద ఒకటి, పోలీసుల మీద ఒకటి అప్పటికే ఇంగ్లీషులో పుస్తకాలు వేసి ఉన్నాడు.

"ఇంగ్లీషులో రాస్తే జడ్జీలు చదివి బీరువాలో పెట్టినారయ్యా" అన్నాడు మొదలారితో. "ఈ దఫా తెలుగులో రాస్తున్నాను. కోర్టు మెట్లెక్కేవాడు చదవాలి."

"మంచిదే సామీ. అయితే కాగితం కంట్రోలు. గంగజాతర కరపత్రాలుండాయి, పెండ్లిపత్రికలుండాయి. నిదానంగా అవుతాది."

"నేనూ నిదానంగానే ఇస్తాను. వారానికొక కట్ట."

"పేరేమి పెట్టినారు సామీ?"

"కూటసాక్ష్య విమర్శనము."

"కూటసాక్ష్యమంటే?"

"దొంగ సాక్ష్యమయ్యా."

నా చేయి కేసులోని గడి మీదనే నిలిచిపోయింది. ఎవరూ చూడలేదు. ఆచార్యులు విషయసూచిక కాగితం నా ముందర పెట్టిపోయినాడు. పద్నాలుగు ప్రకరణాలు. తొమ్మిదోదాని పేరు: "ఒక సాక్షి, పదకొండు మహజర్లు."

మహజరంటే ఏమో తెలియని వాళ్లకు చెప్తాను. పోలీసులు ఎవరి ఇల్లయినా సోదా చేసినా, ఏదైనా వస్తువు దొరికినా, ఊరివాళ్లు ఇద్దరి ఎదుట దాన్ని కాగితం మీద రాసి వాళ్ల సంతకాలు తీసుకోవాల. ఆ కాగితమే మహజరు. కోర్టులో వేలిముద్రకన్నా సంతకానికి బరువెక్కువ. పుత్తూరు దోవలో వడమాలపేట దాటినాక మా ఊరు. పేరు రాయను. అక్కడ పోలీసు స్టేషనుగా ఉండే కొట్టానికి ఎదురుగా నాకొక సోడా అంగడి ఉండేది. ఊళ్లో సంతకం పెట్టగలిగినవాళ్లం నలుగురం: కరణం, రెడ్డి, బడిపంతులు, నేను. మొదటి ముగ్గురినీ పిలవాలంటే పోలీసులు ఇంటిదాకా నడవాల. నన్ను పిలవడానికి చిటిక చాలు.

పదిసార్లు దొరికిన వస్తువును కంటితో చూసి సంతకం పెట్టినాను. పదకొండోసారి సబ్ ఇన్‌స్పెక్టరు దేవరాజులు తెల్లకాగితం తెచ్చి సోడా బండ మీద పరిచినాడు. "అడుగున పెట్టు. పైన మేము రాసుకుంటాము. బేరం వదులుకొని నువ్వు మా వెంబడి రావడమెందుకు?" అన్నాడు. ఉపకారం చేస్తున్నాడనుకొన్నాను. అలవాటు పడిన చెయ్యి పెట్టేసింది. నా పక్కన వేలిముద్ర వేసిన తలారి కేసు కోర్టుకు రాకముందే పోయినాడు.

కాలవ నీళ్ల తగాదాలో ఒక మనిషి చచ్చినాడు. ఆ నెత్తురుండే మచ్చుకత్తి పక్కపల్లె ఓబయ్య అనే కాపు గడ్డివాములో దొరికిందని ఆ కాగితం మీద రాసుకొన్నారు. చిత్తూరు కోర్టులో నన్ను ప్రమాణం చేయించి, "నీ కండ్లముందర తీసినారా?" అని అడిగినారు. కాదంటే దేవరాజులు నన్ను ఏ వాములో దొరికిస్తాడో నాకు తెలుసు. అవునన్నాను. ఓబయ్యకు యావజ్జీవం వేసినారు. అది ముప్పైనాలుగు. మరుసటేడు అంగడి మూసి ఎవరికీ చెప్పకుండా తిరుపతి చేరినాను.

ఇప్పుడు ఆ పదకొండు కాగితాలను ఒక ముసలాయన కోర్టు దస్త్రాల్లోనుంచి బయటికి లాగినాడు. నా చేత్తోనే అచ్చు వేయిస్తున్నాడు. తిరుపతిలో ఏ వీధిలో కేక వేసినా ఇద్దరు తిరుమలయ్యలు పలుకుతారు, కాబట్టి ఆయనకు నా మీద అనుమానం లేదు. అదొక్కటే ధైర్యం.

మా అచ్చాఫీసులో ఇంకొక మనిషి కూడా ఉండేది. గంగులమ్మ. ఎనిమిది పేజీలు ఒకేసారి అచ్చుపడే పెద్ద కాగితాన్ని ఫారం అంటాము. ఆ ఫారాలను మడిచి కట్టడం ఆమె పని. ఆమె ఓబయ్య పెండ్లాం.

నాలుగేండ్ల కిందట మా వీధిలో కట్టెలమోపు దించి అమ్ముతుంటే చూసినాను. రెండు దినాలు అన్నం మింగుడు పడలేదు. మూడో దినం మొదలారి కాళ్లావేళ్లా పడి ఆమెకు ఈ పని ఇప్పించినాను. మా ఊరు చంద్రగిరి అని చెప్పినాను. మా అంగడి దోవన ఎప్పుడూ తల వంచుకొనే పోయేదని, కోర్టు జరిగేటప్పుడు పురిటిమంచంలో ఉందని, నా మొహం ఎరగదని నా నమ్మకం. ఆ బిడ్డ తరువాత దక్కలేదు. నన్ను "అన్నా" అని పిలిచేది. పొద్దున నా స్టూలు తుడిచిపెట్టేది. ఆ పిలుపు విన్నప్పుడంతా ఏరిన అచ్చునే మళ్లీ ఏరేవాణ్ణి.

మా ఇంటిది మునిరత్నమ్మకు ఇదంతా వేరే విధంగా కనబడింది.

"ఈ పొద్దు నీ చెల్లెలికి మామిడికాయ ఊరగాయ పంపలేదా?" అనేది.

"పాపం, దిక్కులేనిదే."

"ఊళ్లో దిక్కులేనోళ్లు నూరుమంది ఉండారు. నీ కంటికి ఒకతే ఆనింది."

ఆమె అనుకున్నదే మేలు అనిపించేది.

ప్రతి శనివారం ఆచార్యులు కట్ట తెచ్చేవాడు. ఆయన మెట్లు దిగేదాకా ఆగి, గబగబా కాగితాలు తిప్పేవాణ్ణి. మూడో ప్రకరణం. నాలుగు. ఐదు. తొమ్మిది రాలేదని తెలిసినాకే ఊపిరి వచ్చేది, మళ్లీ శనివారం దాకా. జాతర ముందు కరపత్రాలు, వేషాల పాటల పుస్తకాలు వచ్చి పడి ఆచార్యుల పని పది దినాలు నిలిచిపోయింది. జనం గంగమ్మకు పిల్లలు కావాలని, పంటలు కావాలని మొక్కుకుంటారు. నేను ఇంకొక వెయ్యి కరపత్రాలు రావాలని మొక్కుకొన్నాను.

ఆరో ప్రకరణంలో శిక్షాస్మృతి వచ్చింది. నూట తొంభై నాలుగో సెక్షను. "అబద్ధ సాక్ష్యము పలికి యొకనిని మరణశిక్షార్హమగు నేరమున నిరికించినవానికి ద్వీపాంతరవాసము విధింపబడవచ్చును." చదువుకున్నవాళ్లు అలాంటి వాక్యాన్ని ఒక్క చూపులో దాటిపోతారు. కంపోజిటరుకు ఆ భాగ్యం లేదు. ఒక్కొక్క అచ్చు ఏరి, వేళ్లతో తడిమి, వరసలో నిలబెట్టాల. ఆ ప్రకరణంలో ద్వీపాంతరవాసం ఎన్నిసార్లు వచ్చిందంటే, ఆ మాటకు కావలసిన అచ్చులు మా కేసులో చాల్లేదు. మొదలారిని అడిగినాను.

"ఏమప్పా, అంతమందిని పంపిస్తా ఉండాడా ఆచారి?" అన్నాడు మొదలారి నవ్వుతా.

"ఒకణ్ణే" అన్నాను. నోరు జారింది. ఆయన వినిపించుకోలేదు.

వైశాఖం చివర తొమ్మిదో ప్రకరణం వచ్చింది. ఇరవై రెండు కాగితాలు. మొదటి కాగితంలోనే ఉన్నాను. "చెంగయ్య కుమారుడు తిరుమలయ్య, సోడా వర్తకుడు." అంగడి ఎక్కడుండేదో, పోలీసుల కొట్టానికి ఎన్నడుగుల దూరమో కూడా రాసినాడు. పదకొండు మహజర్ల తేదీలూ వరసగా రాసినాడు. చివర ఓబయ్య కేసు. పదింటిలో సంతకం రాతకు ఒరుసుకొని ఉందట. పదకొండోదానిలో సంతకం పైన వేలెడు ఖాళీ మిగిలిందట, అక్షరాలు పైన ఇరుకుగా మొదలై, చోటు మిగులుతుందని కిందికి వచ్చేకొద్దీ వదులైనాయట. అంటే సంతకం ముందు పడింది, రాత తరువాత వచ్చింది. పన్నెండేండ్లు నేనూ దేవరాజులూ తప్ప మూడోవాడికి తెలియదనుకున్న సంగతిని ఆయన ఒక మూల కూర్చొని కాగితం చూసి కనిపెట్టినాడు.

పారిపోదామనుకొన్నాను. సూళ్లూరుపేటలో ఒక దూరపు చుట్టం ఉన్నాడు, అక్కడినుంచి మద్రాసు. కాగితాలు పొయ్యిలో పెడదామనుకొన్నాను. చివరికి అన్నిటికన్నా చిన్నపని చేసినాను. తిరుమలయ్య అని ఉన్నచోట కుప్పయ్య అని పేర్చినాను. చిటికెడు సీసం. ఆచార్యులకు కంటిపొర. చిన్న అచ్చు ప్రూఫు చదవలేడు. నేను చదువుతుంటే విని సరిచూస్తాడు.

అలాగే వచ్చి మొదలారి కుర్చీలో కండ్లు మూసుకొని కూర్చున్నాడు. మధ్యాహ్నం మూడు గంటలు. మిషను ఆగి ఉంది. నాలుగు మూరల దూరంలో గంగులమ్మ చాప మీద కూర్చొని ఫారాలు మడుస్తోంది. చప్పు, చప్పు, అని మడత మీద కట్టెబద్ద లాగే శబ్దం తప్ప ఇంకేమీ లేదు.

ఆమె ముందర చదవాల. ఇది నేను ఆలోచించలేదు.

"చదువు" అన్నాడు ఆచార్యులు.

చదివినాను. గొంతు తగ్గించి చదివినాను. "గట్టిగా" అన్నాడు. గట్టిగా చదివినాను. "చెంగయ్య కుమారుడు కుప్పయ్య."

"ఆగు. ఏమన్నావు?"

"కుప్పయ్య, సామీ."

"కుప్పయ్య ఎవడు? తిరుమలయ్య. చెంగయ్య కొడుకు తిరుమలయ్య. ఆ సంతకాన్ని పదకొండు కాగితాల మీద భూతద్దం పెట్టి చూసినాను. నా పేరైనా మరిచిపోతానేమో గానీ ఆ పేరు మరిచిపోను. దిద్దుకో."

దిద్దుకొన్నాను. గంగులమ్మ బద్ద ఆగలేదు.

"వానికోసం వాకబు చేసినానయ్యా" అన్నాడు ఆచార్యులు, కండ్లు తెరవకుండా. "కోలారు బంగారు గనుల్లోకి పోయినాడని ఒకడన్నాడు. చచ్చినాడని ఇంకొకడన్నాడు. నా పుస్తకంతో ఆ ఓబయ్య బయటికి రాడు. కాగితం మీద ఖాళీ ఉందంటే సర్కారు నవ్వుతుంది. ఆ సాక్షి బతికి ఉండి ఒక్క మాట చెప్తే ఆరు నెలల్లో తలుపు తీస్తారు. ఏం చేస్తాం, చచ్చినాడు."

"అట్లాంటోళ్లు అంత బిరీన సావరులే సామీ" అన్నాది గంగులమ్మ. తల ఎత్తలేదు. ఇంకొక ఫారం తీసి మడిచింది. "ఆయుస్సు గట్టిగా ఉంటాది."

మిగిలిన పేజీలు ఎట్లా చదివినానో నాకు తెలియదు.

ఆచార్యులు పోయినాక చెయ్యి కడుక్కునే తొట్టి కాడికి పోయినాను. ఆమె వెనకనే వచ్చింది. నా పక్కన నిలబడి తనూ చేతులు కడుక్కుంటోంది.

"కుప్పయ్య ఎవురన్నా?" అన్నాది.

కడిగిన చేతులనే మళ్లీ కడుక్కొన్నాను.

"పురిటిలోనుంచి లేసి పదో దినం బిడ్డను పైటలో కట్టుకోని సిత్తూరికి వచ్చినా. లోపలికి పోనియ్యలా. మెట్ల కాడ కూసోనుంటిని. నువ్వు తుండుతో మొగం తుడుసుకుంటా దిగొస్తివి. సోడా అంగట్లో ఉండే మొగమే. మరస్తాననుకొంటివా?"

"మరి ఇన్నాళ్లూ అన్నా అన్నా అని..."

"ఏమని పిలవాల? ఊరిడిసి పోతివి. ఏడేండ్లు ఎతికినా నీకోసం. కట్టెలమోపు మీ ఈదిలోనే ఊరికే దించినాననుకొంటివా? నువ్వే పని ఇప్పిస్తానంటివి. ఇంకా మంచిదే అనుకొంటిని. ఆయప్పకు ఆడ వార్డర్లు కావలి. నీకు ఈడ నేను."

"అప్పుడే అడగొచ్చు కదా గంగులమ్మా."

"అడిగితే పరిగెత్తిపోదువు. నువ్వు భయస్తుడివి. నా మాటకు భయపడవు, ఎవరన్నా పెద్దమనిషి రావాల అనుకోనుంటిని." కొంగుతో చేతులు తుడుచుకొంది. "వచ్చినాడు. సెప్పు."

ఆ పూట ఇంటికి పోయి మునిరత్నమ్మకు మొత్తం చెప్పినాను. ఆమె రాగులు చెరుగుతా వింది. అంతా అయినాక, "ఇంతేనా?" అన్నాది.

"ఇంతే."

"నేను ఇంకోటి అనుకోనుంటినే."

"ఏమనుకొంటివి?"

"ఏమనుకుంటారు? దాన్ని ఉంచుకోనుండావని." నవ్వొచ్చింది ఆమెకు. చేట పక్కన పెట్టి నవ్వింది. తరువాత నవ్వు దానంతట అదే ఆగిపోయింది. "అదే అయ్యుంటే బాగుండునయ్యా. తిట్టుకోని, కొట్టుకోని, ఒకింట్లోనే ఉందుము."

మరుసటి దినం కోకలు మూట కట్టుకొని చంద్రగిరిలో తమ్ముడింటికి పోయింది. "నిన్ను తీసుకోనిపోయినాక కబురుపెట్టు, ఆడికే వచ్చి సూస్తా. ఎప్పుడొస్తారా, ఎప్పుడొస్తారా అని ఈ గడపలో కూసోవడం నా వల్లకాదు" అన్నాది. తప్పు పట్టలేను. నా వల్ల కూడా కాదు. నాకు తమ్ముడు లేడు, అంతే తేడా.

ఆచార్యుల ఇంటి అరుగు మీద నిలబడి, "ఆ తిరుమలయ్యను నేనే సామీ" అన్నాను. ఆయన అద్దాలు పెట్టుకొని నన్ను చూసినాడు. తీసేసినాడు. తిడతాడనుకొన్నాను. తడుముకొని కలం పట్టుకొన్నాడు.

"కూర్చో. కాగితం పూర్తి తెలుపా? పైన తేదీ ఏమైనా వేసి ఉన్నారా? చదివి వినిపించినారా? ఎప్పుడు?"

నేను ఏడుస్తా ఉన్నాను. ఆయన రాసుకుంటా ఉన్నాడు. ఇరవై ఏండ్లు పుస్తకాల్లో వెతికిన జంతువు తానే నడిచి అరుగెక్కినట్టు ఉండింది ఆయన మొహం.

"నన్ను జైల్లో వేస్తారా సామీ?"

కలం ఆగింది. "వేయవచ్చును. నీ తరఫున నేను నిలబడతాను. వేయరని మాత్రం చెప్పలేనయ్యా. చెప్తే అది కూడా అబద్ధ సాక్ష్యమే."

బొగ్గు గ్యాసుతో నడిచే బస్సులో చిత్తూరు పోయినాము, ఆచార్యులు, నేను. వెనక సీటులో గంగులమ్మ. రమ్మని ఎవరూ అనలేదు. నేను ఒంటికి పోవడానికి దిగినా ఆమె దిగింది. మేజిస్ట్రేటు ముందర నిలబడినాను. "ఈ వాంగ్మూలం నీ మీదనే వాడవచ్చునని తెలుసునా?" అని అడిగినాడాయన.

"తెలుసు దొరా. ఆ సెక్షను నేనే కంపోజు చేసినాను."

గుమాస్తా నవ్వు ఆపుకొన్నాడు. నేను నవ్వు కోసం అనలేదు.

పెరటాసి నెలలో, బ్రహ్మోత్సవాల వేళ, ఉత్తరువు వచ్చింది. ఓబయ్య శిక్షను ప్రభుత్వం తాత్కాలికంగా నిలిపింది. విచారణ ముగిసేదాకా బయట ఉండవచ్చు. నేను మాట మారిస్తే మళ్లీ లోపలికే. గంగులమ్మ ఆ దినంనుంచి పనికి రాలేదు. పోతున్నానని కూడా చెప్పలేదు. కావలి ముగిసింది కదా.

నా వాంగ్మూలాన్ని పుస్తకానికి చివర అనుబంధంగా వేయమని ఆచార్యులు నకలు ఇచ్చిపోయినాడు. ఎనిమిది పేజీలు. కడపటి ఫారం. రేపు, ఎల్లుండి అని నేను నెట్టుకుంటా వచ్చినాను. మేజిస్ట్రేటు కాగితం ఎక్కడో బీరువాలో ఉంటుంది. ఇది ఊళ్లోకి పోతుంది.

ఒక సోమవారం పొద్దున దేవరాజులు వచ్చినాడు. ఇప్పుడు సర్కిల్ ఇన్‌స్పెక్టరు. ఒళ్లు చేసినాడు. మొదలారి లేచి తన కుర్చీ ఇచ్చి, కాఫీ తేవడానికి తానే పరిగెత్తినాడు.

"ఏమప్పా తిరుమలయ్యా, బాగుండావా? చిక్కినావే."

"బాగుండాను సార్."

"నూట తొంభై నాలుగో సెక్షను నువ్వే అచ్చు వేసినావంటనే. ఏముందబ్బా దాంట్లో?"

"ద్వీపాంతరవాసం సార్."

"ఇప్పుడు ఆ ద్వీపాలకు పంపడం లేదులే, భయపడొద్దు. ఈడనే ఏదో ఒక జైలు." నా కేసులోనుంచి ఒక అచ్చు తీసి గోటితో గీకినాడు. "ముసలాయన పుస్తకం రాసుకుంటాడు, దండ వేయించుకుంటాడు. ఓబయ్య పెండ్లాం కాడికి పోయినాడు. నీ పెండ్లాం చంద్రగిరికి పోయిందంట. నీకేం మిగిలిందప్పా?"

జేబులోనుంచి తెల్లకాగితం తీసి నా ముందర పరిచినాడు. "ఆచారి ఒత్తిడి మీద అట్లా చెప్పినానని. రాత నేను చూసుకుంటా. అడుగున పెట్టు, చాలు. ఈ పొద్దే కాదు. శుక్రవారం వస్తా."

కాఫీ తాగకుండానే పోయినాడు. ఆ కాగితం నా బల్ల మీదనే ఉంది. నేను మంచివాణ్ణని ఎవరూ అనుకోవద్దు. మంగళవారం కలంలో సిరా పోసుకొన్నాను. పాళీ కాగితానికి ఆనించినాను కూడా. చుక్క పడింది. భయపడి కలం ఎత్తేసినాను. దేవరాజులుకు భయపడినానో, గంగులమ్మకు భయపడినానో చెప్పమంటే చెప్పలేను.

బుధవారం పొద్దున గడప కాడ ఒక మనిషి నిలబడినాడు. తల నున్నగా గొరిగి ఉంది. చేతులు కట్టుకొని ఉన్నాడు. లోపలికి రమ్మనేదాకా రాకూడదని నేర్చుకున్న నిలబడటం అది.

"ఈడ తిరుమలయ్య అనే ఆయన..."

"నేనే" అన్నాను. చేతిలో అచ్చులు మోసే ఇనుప పళ్లెం ఉంది. దాన్ని ఎదకు అడ్డం పెట్టుకొన్నాను.

ఓబయ్య నా దగ్గరికి వచ్చి వంగినాడు. కొడతాడని వెనక్కి జరిగితే గోడ తగిలింది. నా కాళ్లు పట్టుకొన్నాడు.

"మాట మార్చొద్దు సామీ. ఇనస్పెట్టరు వచ్చిపోయినాడంట. నాకింక ఆడ ఉండే శక్తి లేదు. నీకు పుణ్యముంటాది."

పన్నెండేండ్లు ఈ మనిషి కత్తితో వచ్చినట్టు కలలు కన్నాను. కత్తితోనే వచ్చి ఉంటే బాగుండు.

"లెయ్యి ఓబయ్యా. మార్చను."

"అప్పుడు గూడా ప్రమాణం చేసే చెప్పినావు గదా సామీ." కోపం లేదు గొంతులో. ఊరికే గుర్తు చేసినాడు. "పుస్తకంలో ఏస్తారని ఆచారి సామి సెప్పినాడు. ఏసినారా?"

"ఇంకా లేదు."

"ఎప్పుడేస్తారు?"

బల్ల మీద తెల్లకాగితం చూసినాను. చుక్క ఎండిపోయి ఉంది.

"ఈ పొద్దే" అన్నాను.

"అయితే ఈడనే ఉంటా." మూలకు పోయి, గోడకు ఆనుకోకుండా, నేల మీద కూర్చున్నాడు.

మొదలారి వచ్చి అచ్చులు పేర్చే నా స్టిక్కులో ఏముందో తొంగిచూసినాడు. "ఏమప్పా ఇది? శుక్రవారం ఆయన వస్తానన్నాడే. నా అచ్చాఫీసుకు తాళం వేయిస్తావా?"

"వేస్తే వేయనీ మొదలారీ."

ఆయన ఓబయ్యను చూసినాడు. గొడుగు తీసుకొన్నాడు. "నేను అన్నానికి పోతా ఉండా. దీపాలు పెట్టేదాకా రాను. నేను లేనప్పుడు నువ్వేం వేసినావో నాకు తెలీదు" అని మెట్లు దిగినాడు.

"నేను, చెంగయ్య కుమారుడు తిరుమలయ్య" అని మొదలుపెట్టి పేర్చుకుంటా పోయినాను. ప్రతి పేజీ అడుగునా నా పేరు వేయమన్నాడు ఆచార్యులు. వేసినాను. నడుమ రెండుసార్లు వరస చెదిరిపోయింది. మళ్లీ పేర్చినాను. వీధిలో బూట్ల చప్పుడు వినబడితే నేనూ ఓబయ్యా ఒకేసారి తలుపు వైపు చూసేవాళ్లం. అన్నం తెప్పిస్తానంటే వద్దన్నాడు. నీళ్లు తాగినాడు.

పొద్దు వాలే వేళకు ఫారం బిగించి మిషను ఎక్కించినాను. "సక్రం నేను తిప్పుతా సామీ. జైల్లో గానుగ తిప్పి తిప్పి అలవాటు" అని ఓబయ్య లేచినాడు. ఆయన చక్రం తిప్పినాడు. నేను కాగితం పెట్టి తీసినాను. మొదటి కాగితం తీసి ఆయన చేతికిచ్చినాను.

తిప్పి తిప్పి చూసినాడు. చదవలేడు. "నీ పేరు యాడుండాది?"

వేలు పెట్టి చూపించినాను. ఆయన తన బొటనవేలు దాని మీద ఆనించినాడు. సిరా పచ్చిగా ఉంది, నల్లగా అలుక్కుపోయింది. వేలు చటుక్కున వెనక్కి తీసుకొన్నాడు.

"చెరిగిపోయిందా సామీ? నేనే చెరిపేసినానా?"

"లేదు లేదు. సూడు, ఇంకోటి ఇదో. దీంట్లోనూ ఉండాది."

"ఇట్లాంటివి ఎన్ని?"

"ఐదునూర్లు."

"అన్నింట్లోనూ ఉంటాదా?"

"అన్నింట్లోనూ."

నమ్మలేదు. నమ్మమని అడిగే మొహం నాకు లేదు. ఐదునూర్లూ వేసినాక, ఆ కాగితాల దొంతిని మా ఇద్దరి నడుమ పెట్టుకొని కూర్చున్నాము. పైనుంచి ఒక కాగితం తీసి పేరున్న చోట వేలు పెట్టి చూపించినాను. చూసినాడు, సిరా తగలకుండా రెండు చేతులతో అంచులు పట్టుకొని పక్కన పెట్టినాడు. రెండోది చూపించినాను. మూడోది. మొదలారి వచ్చి దీపం పెట్టి లోపలికి పోయినాడు. అరవయ్యో డెబ్బయ్యో అయినాక, "ఇంక అన్నీ ఒకటే ఓబయ్యా" అన్నాను.

ఆయన ఇంకొక కాగితం అంచు పట్టుకొని నా వైపు జరిపినాడు.

"ఇది గూడా సూపించు" అన్నాడు.